సార్ వాళ్ళమ్మ

ఒమన్‌లో, సూర్ పట్నంలో నేను పనిచేస్తున్న ఇంటికి సార్ వాళ్ళమ్మ వచ్చిన రోజున, ఆమె సార్ వాళ్ళమ్మ అని నాకు ఎవరూ చెప్పలేదు. "మా దేశం నుంచి ఒక పెద్దామె వస్తోంది. నీ గదిలో ఇంకో మంచం వేయిస్తాను. వంటలో నీకు సాయంగా ఉంటుంది" అని మాత్రం ముందురోజు మేడమ్ చెప్పింది. ఇంకో పనిమనిషి వస్తోందనుకున్నాను. ఉండేది మొగుడూ పెళ్ళామే, వాళ్ళిద్దరికి నేనొక్కదాన్నే ఎక్కువ, మళ్ళీ ఇంకొకరెందుకు, నన్ను తీసేస్తారేమో అని భయం కూడా వేసింది.

అది రెండువేల ఎనిమిది. అప్పటికి ఆ ఇంట్లో చేరి ఏడాది దాటింది. మాది కడప జిల్లా. ఇంటర్ దాకా చదివాను. నా భర్త పోయాక బిడ్డను హాస్టల్లో చేర్చి ఒమన్ వచ్చి, మొదట సువైక్‌లో ఒక అరబ్బుల ఇంట్లో చేశాను. పెద్ద కుటుంబం, ఖర్జూర తోటలు, లేచింది మొదలు వంగిన నడుము లేపకుండా పని. అక్కడ ఒప్పందం ముగిశాక ఈ ఇల్లు చూపించింది సూర్ ఆసుపత్రిలో పనిచేసే ఒక నర్సు. ఆమెది కృష్ణా జిల్లా. మొదటిసారి ఒమన్ వస్తున్నప్పుడు విమానంలో నా పక్క సీటు ఆమెది. నాకంటే చిన్నది కాబట్టి అక్కా అనేది.

"పిల్లల్లేని ఇల్లక్కా. శుక్రవారం లీవు ఇస్తారు, ఫోన్ చేసుకోనిస్తారు. నా మాట విని వచ్చెయ్" అంది. వచ్చేశాను.

సార్ గ్యాస్ కంపెనీలో ఇంజనీరు. వాళ్ళది పెరూ. ఆ పేరు నేను బడిలో పటం మీద చూసి ఉంటానేమో గానీ, అక్కడ మనుషులెలా ఉంటారో ఎప్పుడూ ఆలోచించలేదు. ఇంట్లో వాళ్ళు మాట్లాడుకునేది స్పానిష్, నాతో ఇంగ్లీషు. ఏడాదిలో ఆ భాష నా చెవికి కొంచెం ఎక్కింది. మాటలు రాకపోయినా, నా గురించి మాట్లాడుకుంటున్నారా లేదా అన్నది తెలిసిపోయేది. ఇళ్ళల్లో పనిచేసేవాళ్ళకు ఏ భాషలోనైనా ముందు పట్టుబడేది అదే.

మేడమ్ తెల్లటి మనిషి. వాళ్ళ దేశపు రాజధానిలో పుట్టి పెరిగింది. సార్ చామనఛాయ, నల్లటి బిరుసు జుట్టు, పొట్టి మెడ. ఒకసారి కూరగాయల కొట్లో మలయాళీ అతను సార్‌ని మనవాడే అనుకుని హిందీలో పలకరించాడు. సార్ నవ్వేశాడు. మేడమ్ మాత్రం ఇంటికొచ్చేదాకా ఒక్క మాట మాట్లాడలేదు.

పెద్దామెను సారే మస్కట్ విమానాశ్రయం నుంచి కారులో తీసుకొచ్చాడు. ఆమె దిగుతుంటే నేను గుమ్మంలో నిలబడి చూస్తున్నాను. నా భుజం దాకా కూడా రాదు. నడుము దాటిన రెండు జడలు, రెంటినీ చివర కలిపి ముడేసుకుంది. నెత్తిన టోపీ. అంత ఎండలో ఒకదాని మీద ఒకటి వేసుకున్న వెడల్పాటి కుచ్చుల లంగాలు. వీపున రంగురంగుల దుప్పటిలో కట్టుకున్న మూట. మా వైపు సుగాలీ ఆడవాళ్ళు గుర్తొచ్చారు నాకు. ఆమె నా వైపు చూసి, చేతులు రెండూ ముందుకు కట్టుకుని తల వంచింది. నేను ఇంటి యజమానురాలిననుకుందేమో. నాకు ఎక్కడలేని సిగ్గేసింది.

"ఈ ఎండకు ఇవి పనికిరావు" అని మర్నాడే మేడమ్ ఆ లంగాలూ టోపీ తీసి అటక మీద పెట్టించి, రెండు వదులైన గౌన్లు కొనిచ్చింది. మాట నిజమే, సూర్ వేడిలో ఆ బట్టలు కష్టమే. అయినా గౌనులో ఆమె తనను తాను ఎక్కడో పారేసుకున్న మనిషిలా కనిపించింది.

మొదటి రోజు తెల్లారి లేచి చూస్తే పక్క మంచం ఖాళీ. దుప్పటి మడత మడతగానే ఉంది. వంటగదికి పోతే ఆమె గడపకు అడ్డంగా, గచ్చు మీద, మోచేయి తలకింద పెట్టుకుని పడుకుని ఉంది.

"ఇదేంది అవ్వా, కింద పండుకుండావు? మంచం ఉండాది గదా" అన్నాను. అవ్వ అన్న మాట నోట్లో నుంచి దానంతటదే వచ్చేసింది. ఆమె గబుక్కున లేచి గోడకు ఒదిగి నిలబడింది, ఆలస్యంగా లేచినందుకు తిడతానేమోనన్నట్టు. మంచం మీద ఎలా పడుకోవాలో చేతులతో చూపించాను. తల ఊపింది. మర్నాడు మళ్ళీ గడప దగ్గరే ఉంది.

ఆమె ఎవరో నాకు తెలిసింది ఇంకొన్ని రోజులకు. ఒక మధ్యాహ్నం మేడమ్ ఇంట్లో లేదు. సార్ డ్యూటీ మధ్యలో భోజనానికి వచ్చి నేరుగా వంటగదిలోకి వచ్చాడు. అవ్వ ముందు తల వంచాడు. ఆమె రెండు చేతులూ అతని తల మీద పెట్టి, దగ్గరికి లాక్కుని, జుట్టు వాసన చూసింది. "వావా" అంది, బిడ్డా అన్నట్టు. తర్వాత ఇద్దరూ మాట్లాడుకున్నారు. అది స్పానిష్ కాదు. గొంతు లోపలి నుంచి, కొంచెం గరుకుగా వచ్చే భాష. ఆ భాషలో సార్ గొంతు మారిపోయింది, చిన్నవాడి గొంతైంది.

నేను అక్కడే అంట్లు తోముతున్నాను. అతను నన్ను చూసి ఆగిపోయాడు.

"సార్, ఈమె మీకు..."

"మా అమ్మ" అన్నాడు ఇంగ్లీషులో. వెంటనే, "మేడమ్ ఇష్టపడదు. బయట ఎవరితోనూ అనకు" అన్నాడు.

అనలేదు. కానీ ఆ రోజంతా నా చేతులు పని మీద నిలవలేదు. అమ్మను పనిమనిషి గదిలో పెట్టడమేంటి? పెట్టినవాడు దొంగచాటుగా వచ్చి తల నిమిరించుకోవడమేంటి? మా ఊళ్ళో అమ్మతో గొడవపడి వేరుపడ్డ కొడుకుల్ని చూశాను. ఇది అలాంటిది కాదు.

ఆ తర్వాత మేమిద్దరం ఒకటైపోయాం. ఆమెకు స్పానిష్, వాళ్ళ కొండ భాష వచ్చు. నాకు తెలుగు, కొంచెం హిందీ, అరబ్బీ, ఇంగ్లీషు. కలిసే భాష ఒక్కటీ లేదు. ఆమె తన భాషలో మాట్లాడేది, నేను కడప తెలుగులో మాట్లాడేదాన్ని, పని సాగిపోయేది. మిక్సీలో నూరిన కారం ఆమెకు నచ్చలేదు. నాకూ నచ్చదు. ఒక శుక్రవారం ఇద్దరం వాగు దాకా నడిచిపోయాం. ఆమె ఎండిపోయిన వాగులో వంగి వంగి వెతికి, పలకలాంటి రాయొకటి, అరచేతిలో ఇమిడే గుండ్రాయొకటి ఏరింది. పెద్ద రాయిని నేను మోశాను. ఆ రాతి మీద నేను వేయించిన చెనిక్కాయలు, ఎండుమిరపకాయలు వేసి ఊరిబిండి పచ్చడి నూరితే, ఆమె వేలితో తీసి నాలుక మీద పెట్టుకుని, కళ్ళు పెద్దవి చేసి, ఏదో అడిగింది.

"చెనిక్కాయలవ్వా. మా ఊర్లో పండిస్తాం. తిను, ఇంకా ఉండాది" అన్నాను.

ఆమె నవ్వడం అప్పుడే మొదటిసారి చూశాను. పై వరుసలో ముందు పళ్ళు లేవు. ఆ రోజు నుంచి నేల మీద ఇద్దరం ఎదురెదురుగా కూర్చుని తినేవాళ్ళం. ఒకసారి మేడమ్ మంచినీళ్ళ కోసం వచ్చి మమ్మల్ని చూసి, నీళ్ళు తీసుకోకుండానే వెళ్ళిపోయింది. ఆ చూపులో కోపం కన్నా భయం ఎక్కువ ఉన్నట్టు నాకు తోచింది.

పక్క విల్లాల వాళ్ళు ఎవరైనా వస్తే, "మా ఇంటి పాత వంటామె" అని మేడమ్ పరిచయం చేసేది. అవ్వ తల వంచి నమస్కారంలాంటిది చేసేది. ఆమెకు బాధ కలిగినట్టు కనిపించేది కాదు. అదే నాకు మింగుడు పడేది కాదు.

చలికాలం మొదలవుతున్నప్పుడు ఇంట్లో విందు పెట్టారు. స్పెయిన్ నుంచి ఒక పెద్దాయన కంపెనీ పని మీద వచ్చాడు. సార్‌కు ప్రమోషన్ రావడం ఆయన చేతిలో ఉందని మేడమ్ ఫోనులో ఎవరితోనో ఇంగ్లీషులో అనగా విన్నాను. రెండు రోజులు ఇల్లంతా కడిగాం. వంట అవ్వ చేసింది. బంగాళాదుంపలతో ఆమె చేసే పులుసొకటి ఉంది, పసుపు రంగు మిరపకాయలు కావాలి దానికి. అవి సూర్‌లో దొరకవు, దొరికినవాటితోనే చేసింది. ఇల్లంతా ఘుమఘుమలాడింది.

ఆ పెద్దాయన మంచి మనిషి. అది చెప్పాలి. తెల్లటి గడ్డం, మెల్లగా మాట్లాడతాడు. నేను నీళ్ళు పోస్తే నాకు కూడా థాంక్స్ చెప్పాడు. భోజనం సగంలో ఉండగా, ఈ వంట ఎవరు చేశారని అడిగాడు. మేడమ్ చెప్పింది. ఆయన చేతి గుడ్డ బల్ల మీద పెట్టి లేచి, తనే వంటగది గుమ్మం దాకా వచ్చాడు. వెనకే సార్, మేడమ్. నేను పొయ్యి దగ్గరున్నాను.

ఆయన అవ్వకు చెయ్యి చాపి స్పానిష్‌లో ఏదో అన్నాడు. మెచ్చుకుంటున్నాడని ముఖమే చెబుతోంది. అవ్వ చేతులు గౌనుకు తుడుచుకుంది. ముందుకొచ్చి, నడుము సగానికి వంచి, ఆ చేతిని రెండు చేతుల్లోకి తీసుకుని ముద్దు పెట్టుకుంది. "అయ్యా" లాంటి మాటేదో అంది. అలాగే వంగి ఉండిపోయింది, లెమ్మనేదాకా లేవకూడదన్నట్టు.

పెద్దాయన ముఖం ఎర్రబడింది. చెయ్యి వెనక్కి లాక్కున్నాడు. ఆ ఇబ్బంది పోగొట్టడానికేమో, ఆయన సార్ వైపు తిరిగి నవ్వుతూ, "ఈమె మీ దగ్గర ఎన్నాళ్ళుగా ఉంది?" అని అడిగాడు. ఆ ప్రశ్న నాకు అర్థమైంది. నా గురించి కూడా ఎంతోమంది అదే అడిగారు.

సార్ వాళ్ళమ్మ వీపు వైపు చూశాడు. మేడమ్ సార్ వైపు చూసింది.

"నా చిన్నప్పటి నుంచి" అన్నాడు సార్.

అవ్వ నడుము ఎత్తింది. కొడుకు ముఖంలోకి ఒకసారి చూసింది. పొయ్యి దగ్గరికి వెళ్ళి గరిటె తీసుకుంది. వాళ్ళు ముందు గదిలోకి వెళ్ళిపోయారు. కాసేపటికి మళ్ళీ నవ్వులు వినిపించాయి.

మర్నాటి నుంచి అవ్వ స్పానిష్ మాట్లాడటం మానేసింది.

మేడమ్ ఏదైనా చెబితే పని చేసేది, కానీ జవాబు ఆ కొండ భాషలోనే. మేడమ్‌కు ఆ భాష ఒక్క ముక్క రాదు. మొదట వినపడలేదేమో అనుకుంది, తర్వాత కావాలనే చేస్తోందంది, చివరికి మతి తప్పుతోందంది. "నీతో బాగానే మాట్లాడుతుందిగా?" అని నన్ను అడిగింది. నాతో ఎప్పుడూ మాట్లాడేది ఆ భాషలోనే మేడమ్ అన్నాను. మేడమ్‌కు అది నచ్చలేదు.

సార్ కంపెనీ నుంచి ఆలస్యంగా రావడం మొదలుపెట్టాడు. మధ్యాహ్నాలు వంటగదిలోకి రావడం మానేశాడు. అవ్వ కాళ్ళు వాచాయి. మోకాళ్ళు పట్టుకుని మెట్టెక్కేది, ఆయాసపడేది. అన్నం సగంలో వదిలేసేది. నేను నర్సుకు ఫోన్ చేసి చెబితే ఆమె కేకలేసింది.

"కాళ్ళు వాచి ఆయాసం వస్తుంటే ఇంట్లో పెట్టుకుని చూస్తున్నారా? గుండెకి సంబంధించిందేమో అక్కా! రేపు పొద్దున నా డ్యూటీ టైములో తీసుకొచ్చెయ్యమని గట్టిగా చెప్పు."

చెప్పాను. గట్టిగానే చెప్పాను. సార్, మేడమ్ ఇద్దరూ ఆసుపత్రికి బయల్దేరారు, నన్నూ రమ్మన్నారు, అవ్వకు బట్టలు మార్చడానికి.

డాక్టరు సూడాన్ ఆయన. పొడుగ్గా, నల్లగా, తొందర లేని మనిషి. ఎదురుగా కుర్చీలో అవ్వను కూర్చోబెట్టారు. ఆమె కుర్చీ అంచు మీద, ఎప్పుడైనా లేచిపోవడానికి సిద్ధంగా ఉన్నట్టు కూర్చుంది. "ఈమె మీకేమవుతుంది?" అని డాక్టరు ఇంగ్లీషులో అడిగాడు.

సార్ గొంతు సవరించుకున్నాడు. "మా అమ్మ."

మేడమ్ గోడ మీది బొమ్మ చూస్తూ కూర్చుంది. బీపీ పట్టీ కడుతున్న నర్సు చెయ్యి ఆపి నా వైపు చూసింది. ఆమెకూ నేను చెప్పలేదు మరి.

డాక్టరు అడుగుతున్నాడు, సార్ వాళ్ళ భాషలోకి మార్చి అడుగుతున్నాడు. మోకాళ్ళ నొప్పి ఎప్పటి నుంచి? అవ్వ చాలాసేపు మాట్లాడింది. సార్, "చాలా ఏళ్ళ నుంచి" అన్నాడు. నిద్ర పడుతోందా? మళ్ళీ అవ్వ చాలాసేపు చెప్పింది. "సరిగ్గా పట్టదట" అన్నాడు సార్.

డాక్టరు పెన్ను కింద పెట్టాడు. "ఆమె ఇంత చెబుతోంది, మీరు ఒక్క ముక్క చెబుతున్నారు. నాకు మొత్తం కావాలి. ఆమె ఏమంటోందో అదే చెప్పండి."

సార్ అమ్మను ఏదో అడిగాడు. ఆమె మళ్ళీ మొదలుపెట్టింది. ఈసారి ఆమె ఒక వాక్యం, అతను ఒక వాక్యం. అతని ఇంగ్లీషు మెల్లగా, విరిగి విరిగి వచ్చింది కాబట్టి నాకు అంతా అర్థమైంది.

మోకాళ్ళ నొప్పి చిన్నప్పటిదే అంది. కొండ కింద భూములన్నీ దొరవి, ఆ భూముల మీద బతికే మనుషులూ దొర సొత్తే. వంతు వచ్చినప్పుడు ఆడపిల్లలు దొర ఇంటికి పోయి పని చెయ్యాలి. రాళ్ళ వాకిలి మోకాళ్ళ మీద కూర్చుని కడగాలి. నిద్ర గడప దగ్గరే. దొర ఏ వేళ వచ్చినా తలుపు తియ్యడానికి ఆలస్యం కాకూడదు. అందుకే ఇప్పటికీ మంచం మీద నిద్ర పట్టదు.

పళ్ళు ఎలా పోయాయని డాక్టరు అడిగాడు. సార్ ఆ ప్రశ్న అడగలేకపోయాడు. జవాబు అతనికి ముందే తెలుసనుకుంటాను. డాక్టరు తన నోరు చూపించి సైగ చేస్తే అవ్వే చెప్పింది.

"దొరసాని ముందు మా భాష మాట్లాడింది" అన్నాడు సార్. "తాళాల గుత్తితో కొట్టింది."



అవ్వ ఆగలేదు. కొడుకు మోకాలి మీద చెయ్యి వేసి ఇంకా చెప్పింది. సార్ ఆ మాటలు మాత్రం డాక్టరుకు కాదు, నేలకు చెప్పినట్టు చెప్పాడు.

"ప్రభుత్వం దొరల భూములు మాకు పంచిన ఏడాదే నేను పుట్టానట. నన్ను ఏ గడప దగ్గరా పడుకోబెట్టకూడదని బడికి పంపిందట. పట్నంలో మన భాష మాట్లాడకు, మీ అమ్మ ఎవరో చెప్పకు, నవ్వుతారు అని... అని తనే నేర్పిందట నాకు. నేను నేర్చుకున్నాను. నా తప్పేం లేదంటోంది."

డాక్టరు మళ్ళీ పెన్ను తీసుకుని, "మరి స్పానిష్ ఎందుకు మానేసింది?" అన్నాడు. మేడమ్ ఆ సంగతి ముందే చెప్పింది ఆయనకు, మతిమరుపు అనుమానంతో.

అవ్వ జవాబు చిన్నది. "ఆ భాషలో ఆమెకు వచ్చిందల్లా చిత్తం అనడమేనట" అన్నాడు సార్. "ముసలిదాన్నయ్యాను, ఇంక అనలేను అంటోంది."

మతి బాగానే ఉందని డాక్టరు రాశాడు. గుండె బలహీనంగా ఉంది, మాత్రలిచ్చాడు, ఉప్పు తగ్గించమన్నాడు. బయటికొస్తుంటే నర్సు నా చెయ్యి పట్టుకుని వరండా చివరికి లాక్కెళ్ళింది.

"ఏంటక్కా ఇది? కన్నతల్లినా నీ రూములో పెట్టింది? నేను ఆమె నీకు హెల్పరనుకుంటున్నానే!" ఆమె కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. "మా అమ్మమ్మ కూడా ఆసామి ఇంటికి వెళ్తే చెప్పులు చేత్తో పట్టుకునేదంట అక్కా. మేం నర్సులమయ్యాక కూడా ఆ వీధిలో మా అమ్మ తలెత్తి నడవదు."

ఇంటికొచ్చాక మేడమ్ నా మీద విరుచుకుపడింది. అవ్వను నేనే చెడగొట్టానంది. నేల మీద కూర్చోబెట్టి తినడం అలవాటు చేశానంది, పనిమనుషుల మాటలు నేర్పానంది. "ఆమెను నేను బాగా చూసుకోలేదా? ఏం తక్కువ చేశాను?" అని అరుస్తూ అరుస్తూ కుర్చీలో కూలబడి ఏడ్చింది. ఆ ఏడుపులోనే ఒక మాట అంది. తన అమ్మమ్మకూ అలాంటి జడలే ఉండేవట. ఇంట్లో ఆమె ఫోటో ఒక్కటి కూడా ఉంచలేదట. "మా అమ్మ దాచింది, నేనూ దాచాను. నీకేం తెలుసు?" అంది.

నిజమే, నాకేం తెలుసు. అప్పటిదాకా మేడమ్‌ను తిట్టుకుంటూ వచ్చినదాన్ని, అప్పుడు ఎటు తిట్టుకోవాలో తెలియలేదు.

నెలాఖరుకు నన్ను పనిలోంచి తీసేశారు. నర్సు వాళ్ళ చర్చి వాళ్ళ ద్వారా మస్కట్ పక్కన అల్ అమెరాత్‌లో ఇంకో ఇల్లు చూసింది. కాగితాల విషయంలో సార్ ఏ ఇబ్బందీ పెట్టలేదు, తనే కారులో దించుతానన్నాడు. బయల్దేరే రోజు అవ్వ నా సంచిలో ఏదో కుక్కింది. వద్దన్నా వినలేదు. తర్వాత చూస్తే మూట కట్టుకొచ్చిన ఆ రంగుల దుప్పటి. ఆమె నా రెండు బుగ్గలూ పట్టుకుని చాలాసేపు మాట్లాడింది. "నీళ్ళు బాగా తాగవ్వా. మందులు మరిచిపోవద్దు. పోయొస్తా" అన్నాను. సార్ పక్కనే నిలబడి ఉన్నాడు. ఆమె ఏమందో నేను అడగలేదు, అతను చెప్పలేదు.

కొత్త రోడ్డు సముద్రం ఒడ్డునే పోతుంది. కుడివైపు నీళ్ళు, ఎడమవైపు గడ్డిపరక లేని కొండలు. ఖురియాత్ దగ్గరపడుతుండగా, నేను అడగకుండానే సార్ మొదలుపెట్టాడు.

"మాకూ ఇలాగే కొండలు. ఇంతకన్నా ఎత్తు. స్పెయిన్ వాళ్ళు వచ్చినప్పుడు అక్కడ పాదరసం ఉందని తెలిసింది. వెండి తియ్యడానికి పాదరసం కావాలి. ఊరూరి నుంచి వంతులవారీగా మగవాళ్ళను పంపాలని హుకుం. పంపేటప్పుడు ఇంటివాళ్ళు చావుపాటలు పాడేవాళ్ళట, తిరిగిరారని తెలుసు కాబట్టి. విడివిడిగా ఉన్న పల్లెల్ని పెరికి ఒకచోట చేర్చి, మధ్యలో చర్చి కట్టి, లెక్కపెట్టుకోవడానికి వీలుగా కాపురం పెట్టించారు. ఒకసారి మావాళ్ళు పెద్దగా తిరగబడ్డారు. అణిచేశాక, మా పాత దుస్తులు వేసుకోకూడదన్నారు, మా భాష మాట్లాడకూడదన్నారు."

"ఇప్పుడు వాళ్ళు లేరు కదా సార్?"

"పోయి రెండు వందల ఏళ్ళు కావస్తోంది. వాళ్ళు పోయినా దొరల భూములు పోలేదు. దొరలు మా దేశం వాళ్ళే అయ్యారు, అంతే. మా అమ్మ కడిగింది వాళ్ళ వాకిలే."

"మా భాషలో దాన్ని వెట్టి అంటాం సార్" అన్నాను. ఆ మాట నాలుగుసార్లు పలికించుకుని నేర్చుకున్నాడు. మా నాయన ఆస్‌బెస్టాస్ రాతినార గనిలో పనిచేసి దగ్గుతో పోయాడని చెప్పాను. ఆయన్ను ఎవరూ కట్టి తీసుకుపోలేదు, కూలికే పోయాడు, అయినా ఊపిరితిత్తులు పోయాయి. సార్ కారు నెమ్మది చేసి నా వైపు తిరిగి చూశాడు. గ్యాసులో ఏ కాస్త పాదరసం ఉన్నా యంత్రాలు పాడవుతాయట, దాన్ని వడగట్టి తీసేసే విభాగంలోనే తన డ్యూటీ అన్నాడు.

ఇంక అడగకపోతే ఎప్పటికీ అడగలేననిపించింది. "సార్, ఆ రోజు ఆ పెద్దాయనకు ఎందుకు చెప్పలేదు? అతను ఏమీ అనేవాడు కాదు. మంచివాడు."

"అతను ఏమీ అనడని నాకూ తెలుసు" అన్నాడు. "ఆమె అతని చెయ్యి ముద్దు పెట్టుకున్నాక చెప్పలేకపోయాను. అంతకుముందైతే చెప్పేవాణ్ణేమో. కాదు... అంతకుముందూ చెప్పేవాణ్ణి కాదు."

అమెరాత్‌లో కొత్త ఇంటి ముందు నా సంచి దించి, చెయ్యి కలిపి వెళ్ళిపోయాడు.

ఆ తర్వాతి సంగతులన్నీ నర్సు ఫోన్‌లో చెప్పినవే. బీపీ చూడమని సార్ అడిగితే డ్యూటీ అయ్యాక ఆ ఇంటికి వెళ్ళేది. నేను వచ్చేశాక సార్ వాళ్ళమ్మకు మేడ మీద గది ఇచ్చాడట. ముందు గదిలో అందరితో పాటు బల్ల దగ్గర కుర్చీ వేశాడట. మేడమ్ కూడా కాదనలేదట.

"కుర్చీ లాగి కూర్చోమంటే ఆమె కూర్చోదక్కా" అంది నర్సు. "నేను కళ్ళారా చూశాను. ఆయన చెయ్యి పట్టుకుని కూర్చోబెడతాడు, ఆయన తల తిప్పగానే కంచం తీసుకుని వంటగదిలోకి వెళ్ళిపోద్ది. కింద కూర్చుని తింటది. ఆయన వెళ్ళి గుమ్మంలో నిలబడి చూస్తా ఉంటాడు. తిట్టడు, ఏమనడు. నాకైతే అక్కడ నిలబడబుద్ధి కాలేదు."

వీసా గడువు తీరేలోపు సార్ సెలవు పెట్టి ఆమెను వాళ్ళ ఊరిదాకా దిగబెట్టి వచ్చాడట. వెళ్ళేరోజు అటక మీది లంగాలు, టోపీ దింపించుకుని వేసుకుందట. విమానాశ్రయం దాకా మేడమ్ కూడా వెళ్ళిందట.

తర్వాతి ఏడు సార్‌కు ప్రమోషన్ వచ్చిందని విన్నాను. అమెరాత్‌లో నేను చేసే ఇంట్లో బడిపిల్లలున్నారు, వాళ్ళ పుస్తకాల్లో ఒకసారి ఆ దేశపు పటం కనబడితే చాలాసేపు పట్టుకుని కూర్చున్నాను. వాళ్ళ పాఠంలో ఓడలూ వెండీ ఉన్నాయి. వాకిలి కడిగినవాళ్ళ గురించి ఒక వాక్యం కూడా లేదు. తర్వాతి ఏళ్ళలో దొరికినవి చదివాను. సార్ కారులో చెప్పినవి చాలావరకు నిజమేనని, ఆయన చెప్పనివి ఇంకా ఉన్నాయని తెలిసింది. చదివిన కొద్దీ నా మనసు కుదుటపడలేదు. కొట్టినవాళ్ళెవరో తెలిసింది. పిల్లవాడికి తల్లిని దాచుకోమని ఆ తల్లే నేర్పిన దానికి ఎవరిని అడగాలో మాత్రం ఏ పుస్తకంలోనూ దొరకలేదు.

నర్సు సూర్ వదిలి ఇండియా వెళ్ళిపోయే ముందు ఒకసారి మాట్లాడింది. సూపర్ మార్కెట్‌లో సార్, మేడమ్ కనిపించారట.

"ఎట్లున్నారు?" అన్నాను.

"మామూలుగానే ఉన్నారక్కా. కూరగాయలు ఏరుకుంటున్నారు. మేడమ్ నన్ను చూసి నవ్వింది."

"అవ్వ ఎట్లుండాదో అడిగినావా?"

"అడిగాను. బాగుంది అన్నాడు."

"అంతేనా?"

"అంతే అన్నాడక్కా."